అంతోనియో నోబ్రెగా: బ్రెజిల్ సంప్రదాయ సంగీతం, రంగస్థలం, డాక్యుమెంటరీ

అంతోనియో కార్లోస్ నోబ్రెగా (జననం: 1952 మే 2, రెసీఫే) బ్రెజిల్ వాద్యకారుడు, గాయకుడు, నర్తకుడు, నటుడు, స్వరకర్త. చిన్నతనంలో వయొలిన్‌పై పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం నేర్చుకున్న ఆయన, ఇరవయ్యో ఏటి నుంచి ఈశాన్య బ్రెజిల్‌ జానపద సంగీతాన్ని, ఆటను, వీధి నాటకాన్ని ఆ కళాకారుల దగ్గరే కూర్చుని నేర్చుకున్నారు. నేర్చుకున్నదాన్ని రంగస్థలానికి, ఆల్బమ్‌లకు, టెలివిజన్‌కు, చివరికి సినిమాకు తెచ్చారు. భార్య, నటి, నర్తకి రోజానె అల్మేయిదాతో కలిసి సావో పాలో నగరంలో బ్రింకాంతే సంస్థను స్థాపించారు. బ్రెజిల్‌లో జానపద సంగీతాన్ని సేకరించినవారు చాలామంది ఉన్నారు, వేదికపై పాడినవారూ ఉన్నారు. ఈ రెండు పనులనూ ఒకే శరీరంతో, ఐదు దశాబ్దాలపాటు చేసినవారు తక్కువ.

పరిధి, నిర్వచనం

పెర్నాంబుకో రాష్ట్రంలోని చెరకు ప్రాంతంలో పండుగ ఆటల్లో వేషం కట్టి పాడుతూ ఆడేవారిని బ్రింకాంతేలు అంటారు. వాద్యం, పాట, ఆట, మాట, హాస్యం వేర్వేరు వృత్తులుగా విడిపోని కళ వాళ్ళది. పగలు చెరకు కొట్టే కూలీ రాత్రి రాజవుతాడు, రెండు గంటల తర్వాత ముసలివాడవుతాడు, తెల్లవారేలోగా ఎద్దు బొమ్మ లోపల దూరతాడు. నోబ్రెగా తన కళను ఈ పేరుతోనే చెప్పుకుంటారు. ఆయన 1992 నాటి నాటకానికి, అదే ఏడు తెరిచిన బడికి, 2014 నాటి సినిమాకు కూడా ఇదే పేరు. అందువల్ల ఈ వ్యాసంలో నాటకం, సంస్థ, సినిమా అన్న మాటలను పేరుకు జతచేసి వాడడం జరిగింది.

సంప్రదాయ సంగీతం అన్నది ఇక్కడ ప్రధానంగా ఈశాన్య బ్రెజిల్‌కు, అందులోనూ పెర్నాంబుకో, పరాయీబా రాష్ట్రాలకు చెందినది. పోర్చుగీసు వలసదారుల పాటలు, కథాగేయాలు, బానిసలుగా తెచ్చిన ఆఫ్రికన్ల తాళాలు, కొలువులు, స్థానిక ఆదివాసుల ఆటలు కలగలిసిన ప్రాంతం ఇది. సాంబా, బోసా నోవా వంటి నగర సంగీతం ఈ వ్యాస పరిధిలోకి రాదు.

పూర్వరంగం: సేకర్తల కాలం
(చూడండి: మారియో దె అంద్రాదె; 1938 జానపద పరిశోధన యాత్ర)

నోబ్రెగా కృషికి మూలపురుషుడిగా సావో పాలో కవి, నవలాకారుడు, సంగీత శాస్త్రజ్ఞుడు మారియో దె అంద్రాదెను (1893–1945) చెప్పాలి. 1928–29లో ఆయన ఈశాన్య రాష్ట్రాల్లో తిరిగి పాటలు విని, చేత్తో స్వరాలు రాసుకున్నారు. రియో గ్రాందె దో నోర్తె రాష్ట్రంలో ఆయనకు షికో అంతోనియో అనే పల్లె గాయకుడు తారసపడ్డాడు. రేకు గొట్టంలో గింజలు పోసి ఆడించే గన్‌జా అనే వాద్యాన్ని చేతబట్టి కోకో పాటలు పాడే మనిషి అతను. ఆ గొంతు అంద్రాదెను చివరిదాకా వదల్లేదు. సేకరించిన పాటలన్నిటినీ ‘నా పంకాదా దో గన్‌జా’ అన్న పేరుతో పెద్ద గ్రంథంగా తేవాలనుకున్నారు. అది పూర్తి కాకుండానే ఆయన మరణించారు. శిష్యురాలు ఒనేయిదా అల్వరెంగా ఆ కాగితాలను సరిచూసి విడివిడి సంపుటాలుగా ప్రచురించారు.

అంద్రాదె సావో పాలో నగర సంస్కృతి శాఖకు అధిపతిగా ఉన్నప్పుడు 1938లో నలుగురిని ఉత్తర, ఈశాన్య రాష్ట్రాలకు పంపారు. వాస్తుశిల్పి లూయిస్ సయా బృంద నాయకుడు. సంగీతజ్ఞుడు మార్టిన్ బ్రౌన్‌వీజర్, ధ్వని సాంకేతికుడు బెనెదీతో పషేకో, సహాయకుడు అంతోనియో లదేయిరా మిగతావారు. బరువైన డిస్కు రికార్డింగ్ యంత్రాన్ని, సినిమా కెమెరాను వెంట తీసుకెళ్ళారు. పెర్నాంబుకో, పరాయీబా, సెయారా, పియావీ, మరన్యౌ, పరా రాష్ట్రాల్లో పాటలను, ఆటలను, పూజా కర్మలను నమోదు చేశారు. రెసీఫేలో ఆఫ్రికన్ మూలాలున్న షంగో ఆరాధనను అప్పట్లో పోలీసులు అణచివేస్తున్నారు. పోలీసులు జప్తు చేసిన పూజా వస్తువులు కొన్ని ఈ బృందం చేతికి వచ్చాయి. ప్రభుత్వం ఒక చేత్తో ఆపుతున్నదాన్ని మరో చేత్తో భద్రపరిచిందన్న మాట. యాత్ర సాగుతుండగానే అంద్రాదెను పదవి నుంచి తప్పించారు. ఆ డిస్కులు, ఫిల్ములు, వస్తువులు ఇప్పుడు సావో పాలో సాంస్కృతిక కేంద్రంలో ఉన్నాయి.

తర్వాతి తరంలో హంగేరీలో పుట్టిన ఫొటోగ్రాఫర్ తోమాజ్ ఫర్కాస్ 1960ల నుంచి ఈశాన్యంపై డాక్యుమెంటరీల పరంపరను నిర్మించారు. జెరాల్దో సర్నో తీసిన ‘ఎ కంతోరియా’ (1970) ఆశుకవి గాయకుల మీద వాటిలో ఒకటి. 1970లలో మార్కుస్ పెరేరా రికార్డు సంస్థ దేశంలోని ప్రాంతాలవారీగా సంప్రదాయ సంగీతాన్ని ఎల్.పి. సంపుటాలుగా విడుదల చేసింది.

జీవితం, శిక్షణ

నోబ్రెగా రెసీఫేలో మధ్యతరగతి కుటుంబంలో పుట్టారు. నగరంలోని లలితకళల పాఠశాలలో కటలోనియాకు చెందిన వయొలిన్ విద్వాంసుడు లూయిస్ సొలేర్ దగ్గర వయొలిన్, అర్లిందా రోషా దగ్గర పాశ్చాత్య గాత్రం నేర్చుకున్నారు. పరాయీబా ఛాంబర్ ఆర్కెస్ట్రాలో, రెసీఫే సింఫనీ ఆర్కెస్ట్రాలో వాయించారు. అదే కాలంలో అక్కచెల్లెళ్ళతో కలిసి జనరంజక గీతాల బృందం నడిపారు. సొంత ఊళ్ళో ఏటా కార్నివాల్‌కు వీధులు నిండే ఫ్రెవో, చెరకు పల్లెల నుంచి వచ్చే మరకాతు బృందాలు కళ్ళముందే ఉన్నా, సంగీత పాఠశాల పాఠ్యక్రమంలో వాటికి చోటు లేదు. ఆ గోడ 1971 ప్రాంతంలో నాటకకర్త అరియానో సువాసునా పిలుపుతో కూలింది.

1983లో నోబ్రెగా సావో పాలోకు మకాం మార్చారు. ఆ దశాబ్దంలోనే కాంపినాస్ రాష్ట్ర విశ్వవిద్యాలయంలో నృత్యం, శరీర కళలు బోధించారు. అప్పటి నుంచి ఆయన జీవితం రెండు చోట్ల సాగింది: నేర్చుకోవడానికి పెర్నాంబుకో, చూపించడానికి సావో పాలో.

అర్మోరియల్ ఉద్యమం
(చూడండి: అరియానో సువాసునా, క్వింతేతో అర్మోరియల్)

నాటకకర్త, నవలాకారుడు అరియానో సువాసునా (1927–2014) పెర్నాంబుకో ఫెడరల్ విశ్వవిద్యాలయంలో సాంస్కృతిక విస్తరణ విభాగాన్ని నడుపుతున్న రోజుల్లో ఈ ఉద్యమం మొదలైంది. 1970 అక్టోబర్ 18న రెసీఫేలోని సావో పెద్రో దోస్ క్లెరిగోస్ చర్చిలో ఒక కచేరీతో, ఒక చిత్ర ప్రదర్శనతో దాన్ని ప్రకటించారు. ఈశాన్య జనపదాల్లోని కొర్దెల్ చిరుపుస్తకాలు, వాటి మీది చెక్క అచ్చు బొమ్మలు, గిటార్ జాతి వాద్యమైన వియోలా, జానపద వయొలిన్ అయిన రబెకా, వెదురు పిల్లనగ్రోవి ఆధారంగా కొత్త శిష్ట కళను నిర్మించడం దాని లక్ష్యం. మధ్యయుగ ఐబీరియా రాజచిహ్నాలకూ, ఈశాన్య పశువుల కాపర్లు పశువులకు వేసే వాత గుర్తులకూ సువాసునా చుట్టరికం కలిపేవారు.

ఉద్యమానికి గొంతునిచ్చింది క్వింతేతో అర్మోరియల్ అనే ఐదుగురి బృందం. నాయకుడు అంతోనియో జోసె మదురేయిరా వియోలా వాయించేవారు. ఎజీల్దో వియేరా వేణువు, ఎదిల్సన్ ఎవులాలియో గిటార్, ఫెర్నాందో తొర్రెస్ బర్బోజా మరింబావు, నోబ్రెగా వయొలిన్, రబెకా. మరింబావు అంటే చెక్కకు తీగ బిగించి, అడుగున డబ్బాలు పెట్టి, పుల్లతో కొడుతూ తీగపై గాజు జార్చి స్వరం పలికించే వాద్యం. బీద పిల్లలు వీధుల్లో వాయించే డబ్బా వాద్యానికి ఇది కచేరీ రూపం. 1974లో మార్కుస్ పెరేరా సంస్థ నుంచి వీరి తొలి ఎల్.పి. ‘దో రొమాన్సె అవో గలోపె నోర్దెస్తీనో’ వెలువడింది. 1980లో నాలుగో ఎల్.పి. ‘సెతె ఫ్లేషాస్’ తర్వాత బృందం విడిపోయింది.

ఈ పదేళ్ళలో మిగతా నలుగురికీ లేని ఒక అలవాటు నోబ్రెగాకు పట్టుకుంది. పల్లె పాటను స్వరపరిచి ఊరుకోక, ఆ పాట పాడే మనిషి ఎలా నిలబడతాడో, ఎక్కడ కాలు విదిలిస్తాడో కూడా నేర్చుకోసాగారు. బృందం కుర్చీల్లో కూర్చుని వాయించేది. ఆయన చదువుకుంటున్న కళ కూర్చోనిచ్చేది కాదు.

నేర్చుకున్న రూపాలు

కవాలో మరీన్యో. పెర్నాంబుకో ఉత్తర చెరకు ప్రాంతంలో, కొందాదో, అలియాన్సా వంటి పట్టణాల చుట్టుపక్కల, క్రిస్మస్ నుంచి జనవరి 6 నాటి ముగ్గురు రాజుల పండుగ దాకా ఆడే రాత్రి ఆట. ఒక పొడుగాటి బల్ల మీద వాద్యకారులు వరసగా కూర్చుంటారు. బృందానికి బల్ల అనే పేరు. రబెకా, రేకు బిళ్ళలు కట్టిన చర్మవాద్యం పాందేరో, గీకి మోగించే వెదురు బజే, గింజల గొట్టం మినేరో వాద్యాలు. ఎదుట ఖాళీ నేల, చుట్టూ జనం.

ఆట మెర్గుల్యౌతో మొదలవుతుంది. బల్లకు ఎదురుగా అర్ధచంద్రాకారంగా నిలబడ్డ ఆటగాళ్ళలో ఒకడు ముందుకు దూకి, నేలను తొక్కే అడుగుతో మరొకడిని సవాలు చేస్తాడు. పిలుపు అందుకున్నవాడు మధ్యకు దూకుతాడు, మొదటివాడు అతని చోటికి జరుగుతాడు. ఒక్క మాట లేకుండా, కాళ్ళతోనే ఈ సంభాషణ సాగుతుంది. వేగం పెరిగేకొద్దీ తప్పటడుగు వేసినవాడు నవ్వులపాలవుతాడు. ఆ తర్వాత మతేవుస్, బస్తియౌ అనే ఇద్దరు నల్లరంగు పూసుకున్న హాస్యగాళ్ళు వస్తారు. గాలి ఊదిన ఎద్దు మూత్రాశయపు తిత్తి వాళ్ళ చేతిలో ఉంటుంది. దాన్ని తొడకేసి కొడుతూ తాళం వేస్తారు, అదే తిత్తితో వేషగాళ్ళనూ గుంపునూ అదిలిస్తారు. తెల్లవారేదాకా ఆట నేల మీద ఉండేది ఈ ఇద్దరే. కపితావు మరీన్యో, సైనికుడు, వైద్యుడు, దయ్యాలు, జంతువులు ఒక్కొక్కరే వచ్చి పద్యం చెప్పి, ఆడి వెళతారు. ఇలాంటి వేషాలు డెబ్బై దాకా ఉన్నాయని చెబుతారు; ఒక్క రాత్రిలో అన్నీ రావు. చివర ఎద్దు చచ్చి బతుకుతుంది. బ్రెజిల్ జాతీయ వారసత్వ సంస్థ 2014లో ఈ ఆటకు గుర్తింపునిచ్చింది.

రెసీఫేలో ఆడే బుంబా మేయు బోయి దీనికి దగ్గరి చుట్టం. అక్కడి అఫోగాదోస్ పేటలో బోయి మిస్తెరియోజో బృందాన్ని నడిపిన కపితావు అంతోనియో పెరేరాను నోబ్రెగా తన తొలి గురువుల్లో ఒకరిగా చెబుతారు.

ఫ్రెవో. రెసీఫే కార్నివాల్ సంగీతం, నృత్యం. పందొమ్మిదో శతాబ్దం చివర సైనిక బాండ్ల ముందు కపోయేరా అనే యుద్ధ నృత్యం ఆడుతూ నడిచేవాళ్ళ నుంచి పుట్టింది. వాద్య ప్రధానమైన వీధి ఫ్రెవో, పాట ఫ్రెవో, తంత్రీ వాద్యాలతో స్త్రీల బృందగానం సాగే బ్లోకో ఫ్రెవో అని మూడు రకాలు. నృత్యాన్ని పాసో అంటారు. చిన్న రంగుల గొడుగు చేతబట్టి ఆడే ఈ పాసోలో అడుగులకు కత్తెర, బందు, మర, రైలింజన్ వంటి పనిముట్ల, యంత్రాల పేర్లుంటాయి. బందు అనే అడుగులో నర్తకుడు మునివేళ్ళ నుంచి మడమల మీదికి బరువు మార్చుకుంటూ, మోకాళ్ళు మడిచి వెనక్కి వాలి, పడిపోతున్నట్టే కనిపించి తేరుకుంటాడు. 1973లో తొలి ఫ్రెవో బడి పెట్టిన నసిమెంతో దో పాసో (1936–2009) ఈ అడుగులను పేర్లతో సహా పాఠ్యక్రమంగా మలిచారు. 2012లో ఫ్రెవో యునెస్కో అమూర్త వారసత్వ జాబితాలో చేరింది.

ఇతర రూపాలు. కోంగో రాజుల పట్టాభిషేక ఊరేగింపు నుంచి వచ్చిన, పెద్ద డోళ్ళతో సాగే మరకాతు నసియౌ. ఈటెలు, వీపున గంటలు మోసే వీరుల పల్లె మరకాతు. విల్లంబులనే తాళవాద్యంగా టకటకలాడించే కబొక్లీన్యో. చేతులు పట్టుకుని వలయంగా తిరిగే సిరాందా. చప్పట్లు, అడుగులే తాళమైన కోకో. ఇవి కాక ఇద్దరు ఆశుకవులు వియోలా వాయిస్తూ ఛందస్సులో పోటీపడే కంతోరియా. ఇందులోని ఆరు పాదాల చరణం, గలోపె వంటి ఛందోరూపాలు నోబ్రెగా పాటల్లో తరచుగా కనిపిస్తాయి.

రబెకా

ఐబీరియా మీదుగా వచ్చిన వయొలిన్ పూర్వరూపాల సంతతి. దీనికి ప్రామాణికమైన కొలత లేదు. చేసేవాడు దొరికిన కర్రను బట్టి, చేతి అలవాటును బట్టి చెక్కుకుంటాడు. కవాలో మరీన్యో వాద్యకారుడు దాన్ని గడ్డం కింద నొక్కిపెట్టడు. ఎడమ రొమ్ముకు ఆనించి పట్టుకుంటాడు. పొట్టి కమానుతో రెండు తీగలను ఒకేసారి తాకుతాడు. ఒక తీగ రాగం పలుకుతుంటే పక్కది శ్రుతిలా మోగుతూ ఉంటుంది. నాదం గరుకుగా, ముక్కుతో పాడినట్టు ఉంటుంది. కచేరీ వయొలిన్‌లో ఏళ్ళ తరబడి సాధన చేసి వదిలించుకునే గరుకుదనమే ఇక్కడ కావలసిన గుణం.

అలియాన్సాలో పుట్టి ఒలీందాలో స్థిరపడిన మెస్త్రె సలుస్తియానో (1945–2008) ఈ వాద్యానికి దేశవ్యాప్తంగా పేరు తెచ్చారు. ఒలీందాలో ఆయన నెలకొల్పిన రబెకా ఇల్లు ఇప్పటికీ పండుగలకు, సభలకు వేదిక. నోబ్రెగా వేదికపై వయొలిన్‌నూ రబెకానూ మార్చి మార్చి వాడతారు. వయొలిన్ పట్టుకున్నప్పుడు కూడా కమాను విరుపులో రబెకా వినిపిస్తుంది.

రంగస్థల కృతులు

తొలి సొంత ప్రదర్శన ‘ఎ బందేయిరా దో దివీనో’ (1976). ‘ఓ రేయినో దో మేయో దియా’ (1989), ‘ఫిగురాల్’ (1990) ఆయనను ఏకపాత్ర ప్రదర్శకుడిగా నిలబెట్టాయి. తర్వాత వచ్చిన ‘బ్రింకాంతే’ (1992), ‘సెగుందాస్ ఇస్తోరియాస్’ (1994) నాటకాలను పరాయీబాకు చెందిన కవి, కథకుడు బ్రావులియో తవారెస్‌తో కలిసి రాశారు. ఈ రెంటిలో నాయకుడు తోన్యేతా.

తోన్యేతా బండి లాక్కుంటూ ఊరూరా తిరిగే బికారి ఆటగాడు. మతేవుస్ తిండిపోతుతనం, కొర్దెల్ కథల్లోని మాయలమారి తెలివి, సర్కస్ కోణంగి చిలిపితనం కలిపి అల్లిన పాత్ర. రోజానె అల్మేయిదా ధరించే రోజలీనా అతని జోడు. తోలుబొమ్మలాటలో కేతిగాడు, బంగారక్క తెలిసిన తెలుగువారికి ఈ జంట లక్షణం చప్పున పట్టుబడుతుంది: కథతో నిమిత్తం లేకుండా ఎప్పుడైనా దూరవచ్చు, ఎవరినైనా ఎగతాళి చేయవచ్చు.

1990ల మధ్య నుంచి సంగీత ప్రదర్శనలు ముందుకొచ్చాయి. ‘నా పంకాదా దో గన్‌జా’ అంద్రాదె పూర్తి చేయలేకపోయిన పుస్తకం పేరునే పెట్టుకుంది. ఆయన సేకరించిన పాటలకు గ్రంథాలయంలోంచి వేదిక మీదికి దారి చూపిన ప్రయత్నం ఇది. ‘మదేయిరా కె కుపిం నావు రోయి’ (1997) పేరు ఫ్రెవో స్వరకర్త కపీబా (1904–1997) పాట నుంచి తీసుకున్నది. ‘ఓ మార్కో దో మేయో దియా’ (2000) తర్వాత వచ్చిన ‘లునారియో పెర్పేతువో’కు (2002), ఈశాన్య పల్లెల్లో రెండు శతాబ్దాలపాటు ఇంటింటా ఉన్న పాత పంచాంగం పేరు పెట్టారు. వీటిలో చాలా పాటలకు సాహిత్య సహకారం విల్సన్ ఫ్రేయిరె. ‘నోవె దె ఫ్రెవెరేయిరో’ పూర్తిగా ఫ్రెవోకు అంకితం. ఫ్రెవో అన్న పేరు 1907 ఫిబ్రవరి 9న రెసీఫే పత్రిక ‘జోర్నల్ పెకేనో’లో అచ్చయింది, ఆ తేదీ శతాబ్ది దగ్గరపడుతున్న రోజుల్లో వచ్చిన కృతి ఇది.

‘నతురల్‌మెంతె’ (2009) వీటన్నిటికీ భిన్నం. బ్రెజిల్ నృత్యానికి సిద్ధాంతం ఉండగలదా అన్న ప్రశ్నను నృత్యంతోనే చర్చించే ప్రదర్శన. నర్తకుడు ఆగి, ప్రేక్షకులతో మాట్లాడి, ఇప్పుడే వేసిన అడుగు ఎక్కడిదో చెప్పి, మళ్ళీ వేస్తాడు. సువాసునా తన ప్రసంగాలకు స్థిరపరిచిన ‘పాఠ ప్రదర్శన’ అనే రూపానికి ఇది కొనసాగింపు.

పద్ధతి

పల్లెలో ఎనిమిది గంటలు సాగే ఆటను గంటన్నర ప్రదర్శనకు కుదించడం నోబ్రెగా ఉద్దేశం కాదు. ఆయన ముందుగా అడుగులను విడదీస్తారు. ఫ్రెవో కత్తెరను, కవాలో మరీన్యో తొక్కుడును, కబొక్లీన్యో గెంతును, కపోయేరా ఒరుగుడును అక్షరాల్లా విడివిడిగా సాధన చేసి, వాటితో కొత్త వాక్యాలు కడతారు. ఒకే నృత్యంలో మూడు ప్రాంతాల అడుగులు కలుస్తాయి. పెర్నాంబుకో ప్రేక్షకుడు ప్రతి అడుగునూ గుర్తుపడతాడు; మొత్తాన్ని మాత్రం ఎప్పుడూ చూసి ఉండడు. సంగీతంలోనూ ఇంతే. కంతోరియా ఛందస్సుకు బరోక్ బాణీ ఆర్కెస్ట్రా తోడవుతుంది, మరకాతు తాళం మీద వయొలిన్ నడుస్తుంది. వాయిస్తూ ఆడడం, ఆడుతూ పాడడం ఆయనకు ప్రత్యేక విన్యాసం కాదు; పల్లె హాస్యగాడి మామూలు పని.

ఈ పద్ధతిలో గురువు, సమాచారదాత అన్న తేడా చెరిగిపోతుంది. 1938 బృందం పాటను డిస్కు మీద బంధించి తీసుకెళ్ళింది. నోబ్రెగా దాన్ని ఒంటికి పట్టించుకున్నారు. డిస్కు మారదు, ఒళ్ళు మాత్రం మారుతుంది, మారుస్తుంది. ఆయన కృషిలోని బలం, దానిపై వచ్చే అభ్యంతరం రెండూ ఇక్కడే ఉన్నాయి.

డాక్యుమెంటరీ కృషి
(చూడండి: వాల్తెర్ కర్వాల్యో)

‘దాన్సాస్ బ్రజిలేయిరాస్’ 2000ల దశకం మధ్యలో విద్యా ఛానల్ ఫుతూరాలో వచ్చిన ధారావాహిక. దర్శకుడు బెలిసారియో ఫ్రాంకా, వ్యాఖ్యాతలు నోబ్రెగా, రోజానె అల్మేయిదా. ఇద్దరూ దేశంలోని వేర్వేరు రాష్ట్రాలకు వెళ్ళి, అక్కడి నృత్య సమూహాల పెద్దలతో మాట్లాడి, వాళ్ళ వరసలో నిలబడి అడుగు కలుపుతారు. పెర్నాంబుకో గడప దాటి మిగతా బ్రెజిల్‌ను నోబ్రెగా పట్టించుకున్న ప్రధాన సందర్భం ఇది. వ్యాఖ్యాత నిపుణుడిలా నిలబడి వివరించడం మానేసి, తప్పులు చేసే కొత్త విద్యార్థిలా కనిపించడం వల్ల నృత్యంలోని కష్టం ఎక్కడుందో చూసేవారికి తెలుస్తుంది. నలభయ్యేళ్ళు ఆడిన ముసలావిడ తేలిగ్గా తిప్పిన నడుము, వృత్తి నర్తకుడికి మూడోసారికి గాని పట్టుబడకపోవడమే అక్కడ పాఠం.

సినిమా వైపు నుంచి చూస్తే, పరాయీబాలో పుట్టిన ఛాయాగ్రాహకుడు, దర్శకుడు వాల్తెర్ కర్వాల్యోతో సాగిన జోడీ ముఖ్యం. ‘సెంత్రల్ దో బ్రజీల్’ చిత్రానికి ఛాయాగ్రహణం ఆయనదే. ‘లునారియో పెర్పేతువో’ ప్రదర్శన డి.వి.డి.కి ఆయన దర్శకత్వం వహించారు. తర్వాత పూర్తి నిడివి చిత్రం ‘బ్రింకాంతే’ (2014) తీశారు. అందులో తోన్యేతా, రోజలీనా తమ బండితో దారులు పడతారు. మధ్యలో వివిధ ప్రదర్శనల పాటలు, నృత్యాలు వస్తాయి; ఒక కళాకారుడి జీవితం కల్పనలో కలిసిపోతుంది. దీన్ని డాక్యుమెంటరీ అనడం అలవాటే గాని, తేదీలు, సాక్ష్యాలు, వ్యాఖ్యానం ఆశించేవారికి నిరాశ తప్పదు. కవాలో మరీన్యో పల్లెలో ఎలా జరుగుతుందో తెలుసుకోవాలంటే ఈ సినిమా చాలదు, ధారావాహికే దిక్కు. నోబ్రెగా ఊహలో అది ఏమైందో చూడాలంటే సినిమాయే ఉత్తమ ఆధారం.

బ్రింకాంతే సంస్థ

1992లో సావో పాలో నగరం విలా మదలేనా పేటలో నాటకశాల, బడి కలిసి ఉన్న చోటుగా మొదలైంది. పాఠశాల ఉపాధ్యాయులకు జానపద ఆటపాటలు నేర్పే దీర్ఘకాలిక శిక్షణ దీని ప్రధాన కార్యక్రమం. నర్తకులకు, పిల్లలకు, తాళవాద్యాలు నేర్చుకునేవారికి వేరే తరగతులున్నాయి. ఈశాన్యం నుంచి సాంప్రదాయిక గురువులను రప్పించి బోధింపజేయడం ఇక్కడి ఆనవాయితీ. ఈశాన్యం నుంచి లక్షలాది మంది వలస వచ్చిన నగరం సావో పాలో. వలస కూలీల పండుగ కళను ఆ నగరపు మధ్యతరగతి పిల్లలు రుసుము కట్టి నేర్చుకుంటున్న చోటు ఇది.

2014లో అద్దె భవనం ఖాళీ చేయాల్సి వచ్చింది. స్థిరాస్తి ధరలు పెరిగిన ఆ పేటలో సంస్థను నిలబెట్టాలని కళాకారులు, విద్యార్థులు వీధుల్లో ఆటపాటలతో ప్రచారం నడిపారు. ఆ పోరాటం తర్వాత సంస్థ అదే పేటలో, దగ్గర్లోనే కొత్త చోటికి మారి కొనసాగింది.

విమర్శలు

మొదటి విమర్శ అర్మోరియల్ ఉద్యమానిది, దాని ద్వారా నోబ్రెగాది. జనపద కళలో కోటలు, రాజచిహ్నాలు, మధ్యయుగం వెదికినవారు అందులోని వర్తమానాన్ని, ముఖ్యంగా నల్లజాతి పేదల నగర జీవితాన్ని వెనక్కి నెట్టారని అంటారు. 1990ల ఆరంభంలో రెసీఫేలోనే మాంగెబీట్ ఉద్యమం వచ్చింది. షికో సైన్స్, నసియౌ జుంబీ బృందం ‘దా లామా అవో కావోస్’ (1994) ఆల్బమ్‌లో మరకాతు డోళ్ళను ఎలక్ట్రిక్ గిటార్, హిప్ హాప్‌తో కలిపింది. సువాసునాకు ఆ కలయికా నచ్చలేదు, ‘సైన్స్’ అన్న ఇంగ్లిష్ పేరూ నచ్చలేదు. ఎలక్ట్రిక్ వాద్యాలు లేని నోబ్రెగా వేదిక ఆ వాదంలో సహజంగానే సువాసునా పక్షాన కనిపించింది.

రెండోది హక్కుల ప్రశ్న. చెరకు కూలీ నుంచి నేర్చుకున్న అడుగు సావో పాలో రంగశాలలో టిక్కెట్టుకు అమ్ముడుపోతే అందులో ఆ కూలీ వాటా ఎంత? ఇది నోబ్రెగా ఒక్కరికే ఎదురైన ప్రశ్న కాదు; సేకర్తలందరినీ అడిగినదే. సామూహిక రచనకు కాపీరైటు చట్టంలో సరైన చోటు లేదు. గురువుల పేర్లు ప్రకటించడం, వారిని పిలిచి బోధింపజేయడం ఈ లోటును కొంత పూడ్చగలవేమో గాని, పూర్తిగా తీర్చలేవు. మరోవైపు, ఈశాన్య ఆటలను వెనకబాటుతనంగా చూసిన నగర పాఠశాలల్లోకి అవి పాఠంగా వెళ్ళడంలో బ్రింకాంతే సంస్థ పాత్రను విమర్శకులూ కాదనరు.

సమాంతర కృషి
(చూడండి: ఎ బార్కా, మెస్త్రె అంబ్రోజియో, సిబా)

మానవ శాస్త్రజ్ఞుడు ఎర్మానో వియానా, స్వరకర్త బెతో విలారెస్ దేశమంతా తిరిగి రికార్డు చేసిన ‘ముజికా దో బ్రజీల్’ (2000) నాలుగు సి.డి.లుగా, టెలివిజన్ ధారావాహికగా వెలువడింది. వారు పాడలేదు, ఆడలేదు, వినిపించి తప్పుకున్నారు. సావో పాలో బృందం ఎ బార్కా మాత్రం అంద్రాదె యాత్రల దారినే పట్టి, రికార్డు చేసిన పల్లె గాయకులతో కలిసి పాడింది.

నోబ్రెగాకు అతి దగ్గరగానూ, అతి దూరంగానూ ఉన్న ఉదాహరణ సిబా. రెసీఫేలో పుట్టిన సిబా 1990ల మొదట్లో, కవాలో మరీన్యోపై పరిశోధనకు వచ్చిన అమెరికన్ సంగీత శాస్త్రజ్ఞుడు జాన్ మర్ఫీకి సహాయకుడిగా పల్లెలు తిరిగి రబెకా పట్టారు. 1992లో మెస్త్రె అంబ్రోజియో బృందాన్ని స్థాపించి, దానితో సావో పాలోలో పేరు తెచ్చుకున్నాక తిరుగు ప్రయాణం కట్టారు. 2002లో పల్లె మరకాతుకు కేంద్రమైన నజరే దా మాతాకు మకాం మార్చి, బియు రోకె వంటి స్థానిక వృద్ధ గాయకులతో ఫులొరెస్తా బృందాన్ని నిలబెట్టారు. మరకాతు ఆశుకవుల పోటీల్లో వారి సాటి కవిగా రాత్రుళ్ళు నిలిచి పాడారు. పదేళ్ళ తర్వాత ‘అవాంతె’ (2012) ఆల్బమ్‌తో మళ్ళీ ఎలక్ట్రిక్ గిటార్ అందుకున్నారు. ఆ మార్పు సాగిన తీరును ‘సిబా: నోస్ బలేస్ దా తోర్మెంతా’ అనే డాక్యుమెంటరీ నమోదు చేసింది.